బస్ లేన్‌లో నాన్నగారిని దింపాను, ఫోటో ఇంటికొచ్చింది

ప్రశ్న: అన్నయ్యగారూ, మాది తెనాలి. లండన్ వచ్చి ఎనిమిది నెలలైంది, ఈస్ట్ హామ్‌లో ఉంటున్నాం. ఇండియా లైసెన్స్‌తోనే కారు నడుపుతున్నాను. కారు మావారి పేరు మీద ఉంది. మా అమ్మానాన్నలు మమ్మల్ని చూడ్డానికి వచ్చారు. ఒక మంగళవారం పొద్దున్న 7:50కి నాన్నగారిని డాక్టరు దగ్గరికి తీసుకెళ్తున్నాను. ఎడమ పక్క వీధిలోకి తిరగాలి. ముందు కారు బస్ లేన్‌లోకి వెళ్ళింది కదా అని నేనూ వెళ్ళాను. ఆ వీధిలో ఖాళీ దొరక్క మళ్ళీ మెయిన్ రోడ్డు మీదికొచ్చి, బస్ స్టాప్ దగ్గర ఆపి ఆయన్ని దింపాను. మోకాలి ఆపరేషన్ అయిన మనిషి, దిగడానికి ఒక నిమిషం పట్టి ఉంటుంది. హజార్డ్ లైట్లు కూడా వేశాను. పది రోజులకి ఫోటోతో ఒక నోటీసు, ఆ వారంలోనే ఇంకొకటి వచ్చాయి. మొదటి దాంట్లో 160 పౌండ్లు, తొందరగా కడితే 80 అని ఉంది. మావారు "ఇండియా లైసెన్సే కదా, వదిలెయ్" అంటున్నారు. నాకేమో వీసాకి ఏమవుతుందోనని టెన్షన్, నిద్ర పట్టడం లేదు. నాన్నగారు "నా వల్లే కదమ్మా" అని బాధపడుతున్నారు. కట్టేయాలా, పోట్లాడాలా? అసలు బస్ లేన్‌లోకి ఎప్పుడు వెళ్ళొచ్చు, ఎక్కడ ఆపొచ్చు?
ఒక చెల్లెలు, ఈస్ట్ హామ్

జవాబు: చెల్లెమ్మా, ముందు నాన్నగారి దగ్గర కూర్చుని ఇది ఆయన వల్ల జరిగింది కాదని చెప్పండి. తర్వాత మీరు కూడా స్థిమితపడండి. మీకు వచ్చింది పెనాల్టీ చార్జ్ నోటీసు, ఇక్కడ అందరూ పీసీఎన్ అంటారు. అది పోలీసు కేసు కాదు, నేరం కాదు. కౌన్సిల్ వాళ్ళు వేసే సివిల్ జరిమానా. దీనికి లైసెన్స్ మీద పాయింట్లు పడవు, శిక్ష పడినట్టు ఎక్కడా రికార్డు ఉండదు. గడువులోగా కట్టేసినా, గడువులోగా అభ్యంతరం రాసి తేల్చుకున్నా అది అక్కడితో ముగిసిపోతుంది. వీసా గురించి నిద్ర మానుకోవాల్సిన పని లేదు.

అయితే మీవారి మాట మాత్రం వినకండి. ఆయన మీద కోపంతో అనడం లేదు. కొత్తగా వచ్చిన మన వాళ్ళలో చాలామంది అలాగే అనుకుంటారు. ఈ నోటీసు లైసెన్స్‌ని చూసి రాదు, బండి నంబరుని చూసి వస్తుంది. లాగ్ బుక్‌లో, అంటే బండి రిజిస్ట్రేషన్ కాగితంలో, ఎవరి పేరుంటే వాళ్ళే బాధ్యులు, అంటే మీ ఇంట్లో ఆయనే. 28 రోజుల్లో కట్టకుండా, అభ్యంతరం కూడా రాయకుండా ఊరుకుంటే మొత్తం సగం పెరుగుతుంది. 160 కాస్తా 240 అవుతుంది. అప్పటికీ ఊరుకుంటే నార్తాంప్టన్‌లోని ట్రాఫిక్ ఎన్‌ఫోర్స్‌మెంట్ సెంటర్‌లో బాకీగా నమోదవుతుంది. ఆ తర్వాత బాకీ వసూలు చేసే బెయిలిఫ్‌లు ఇంటి తలుపు తడతారు, వాళ్ళ ఫీజులు కూడా ఆ బాకీ మీద పడతాయి. నాకు తెలిసిన ఒక కుర్రాడు ఇల్లు మారాక లాగ్ బుక్‌లో అడ్రస్ మార్చుకోలేదు. నోటీసులన్నీ పాత ఇంటికే వెళ్ళాయి. అతనికి సంగతి తెలిసేసరికి బెయిలిఫ్ గుమ్మంలో ఉన్నాడు. మీరు కూడా ఇల్లు మారితే ఆ అడ్రస్ పని మొదటి వారంలోనే చేసుకోండి. ఎలాగూ లైసెన్స్ మాట వచ్చింది కాబట్టి ఒక్క మాట. ఇక్కడ కాపురం మొదలైన రోజు నుంచి ఇండియా లైసెన్స్ 12 నెలలే చెల్లుతుంది. మీకింకా నాలుగు నెలలే ఉన్నాయి. ఇక్కడి ప్రొవిజనల్‌కి, అంటే మన లెర్నర్స్ లాంటి లైసెన్స్‌కి, ఈ వారమే అప్లై చేయండి.

ఇక అసలు సంగతి. మీరు ఒకే రోజు రెండు వేరు వేరు పొరపాట్లు చేశారు. రెండూ బస్ లేన్‌కి సంబంధించినవే కాబట్టి మీకు ఒకటిలాగే కనిపిస్తున్నాయి. మొదటిది బస్ లేన్‌లో నడపడం, రెండోది ఆపకూడని చోట ఆపడం. నోటీసుల మీద చూడండి, మొదటి దాని మీద కోడ్ 34, రెండో దాని మీద 47 ఉండాలి. నేను లండన్‌లో పదకొండేళ్ళు బస్సు నడిపాను. ఆ అనుభవంతో మన వాళ్ళకి ఎప్పుడూ ఒకటే చెప్తాను: లేన్‌లో నడపొచ్చో లేదో నీలం బోర్డు చెప్తుంది, ఆపొచ్చో లేదో ఫుట్‌పాత్ అంచున ఉన్న గీతలు చెప్తాయి. ఒకదాన్ని చూసి రెండోది ఊహించుకోవద్దు. లేన్ టైమ్ అయిపోయినా అంచున ఎర్ర గీత ఉంటే ఆపకూడదు. లేన్ నడుస్తున్న టైమైనా, పసుపు గీత మాత్రమే ఉన్న చోట మనిషిని దింపడానికి వీలున్న సందర్భాలున్నాయి.

ముందు బోర్డు. నీలం పలక మీద తెల్ల బొమ్మలుంటాయి: బస్సు, సైకిల్, కొన్ని చోట్ల టాక్సీ, కొన్ని చోట్ల మోటార్‌సైకిల్. బొమ్మ ఉన్న బండికే అనుమతి. కింద రోజులు, గంటలు ఉంటాయి. సోమవారం నుంచి శనివారం వరకు పొద్దున్న 7 నుంచి 10, సాయంత్రం 4 నుంచి 7 అని ఉందనుకోండి. మధ్యాహ్నం రెండింటికి ఆ లేన్ అందరిదీ. ఆదివారం రోజంతా అందరిదీ. చాలామంది భయపడి ఆ టైమ్‌లో కూడా ఖాళీగా వదిలేసి పక్క లేన్‌లో బారులు తీరతారు, అవసరం లేదు. కానీ పలక మీద టైమ్ ఏమీ లేకపోతే ఏ టైమైనా వెళ్ళొచ్చని అర్థం చేసుకోకండి. అది 24 గంటల లేన్. నగర రవాణా సంస్థ ట్రాన్స్‌పోర్ట్ ఫర్ లండన్ కింద ఉన్న పెద్ద రోడ్లలో దాదాపు అన్ని బస్ లేన్లనీ 2021 డిసెంబరు నుంచి శాశ్వతంగా 24 గంటలు చేసేశారు. కౌన్సిల్ రోడ్ల మీద మాత్రం ఒక్కో చోట ఒక్కో టైమ్. ఇంకొకటి, బ్యాంక్ హాలిడే సోమవారం వస్తే లేన్‌కి కూడా సెలవు అనుకుంటారు. బోర్డు మీద ప్రత్యేకంగా రాసి లేకపోతే, సోమవారం అంటే ఆ సోమవారం కూడా.

రోడ్డు ఎర్రగా ఉంటేనే బస్ లేన్ అని కూడా మన వాళ్ళలో ఒక నమ్మకం ఉంది. రంగుకి చట్టంలో విలువ లేదు. ఎర్ర రంగు లేకపోయినా లావుపాటి తెల్ల గీత, నీలం బోర్డు ఉంటే అది బస్ లేనే.

మన వైపు నుంచి వచ్చిన వాళ్ళకి ఇది కొత్తగా అనిపించడంలో తప్పులేదు. విశాఖలో, విజయవాడలో బీఆర్‌టీఎస్ రోడ్లు ఉన్నాయి, పేరే బస్సుల కోసం. కానీ బస్సు దారిలో దూరినందుకు ఇంటికి ఫోటో రావడం మనం ఎరగం. లండన్‌లో మొదటి బస్ లేన్ 1968లో వాక్స్‌హాల్ బ్రిడ్జి మీద పెట్టారు. అంటే ఇక్కడి వాళ్ళకి అర్ధ శతాబ్దం దాటిన అలవాటు. ముందు కారు వెళ్ళింది కదా అని వెనకే వెళ్ళడం మనకి అలవాటు. ముందు కారుకి కూడా ఈపాటికి ఉత్తరం వెళ్ళే ఉంటుంది.

ఎడమకి తిరగడం గురించి కొంచెం వివరంగా చెప్తాను, ఎక్కువ మంది దొరికిపోయేది అక్కడే. బస్ లేన్‌ని వేరు చేసే లావుపాటి తెల్ల గీత తెగకుండా సాగుతుంటే దాన్ని దాటకూడదు. పక్క వీధి దగ్గరికొచ్చేసరికి ఆ గీత ముక్కలు ముక్కలుగా మారుతుంది, లేదా లేన్ అక్కడితో ఆగిపోతుంది. మీరు లోపలికి రావాల్సింది అక్కడే. ముందుగానే ఎడమ ఇండికేటర్ వేయండి, అద్దం చూడండి, ఎడమ భుజం మీదుగా కూడా ఒకసారి చూడండి. బస్ లేన్‌లో సైకిళ్ళు వస్తుంటాయి, అద్దంలో కనపడవు. సైకిల్‌ని పోనిచ్చి, ముక్కల గీత మొదలయ్యాకే లోపలికి జరిగి తిరగండి. వెనకాల హారన్ కొట్టినా పర్వాలేదు. ఎడమకి తిరగాలి కదా అని వంద మీటర్ల ముందే దూరి బస్ లేన్ పొడవునా వెళ్తే అది తిరగడం కాదు, బస్ లేన్‌లో ప్రయాణం. కెమెరా పట్టుకునేది దాన్నే. మీ మొదటి నోటీసు కూడా ఇదే అని నా అనుమానం.

ఇక ఆపడం. ఇక్కడ నేను కొంచెం గట్టిగా మాట్లాడతాను, మనసులో పెట్టుకోకండి.

బస్ స్టాప్ దగ్గర రోడ్డు మీద పసుపు ముక్కల గీతలతో ఒక పొడవాటి పెట్టె గీసి, లోపల బస్ స్టాప్ అని రాసి ఉంటుంది. అంచున లావుపాటి పసుపు గీత కూడా ఉంటుంది. అది బస్సుల కోసం, మనలాంటి వాళ్ళ సొంత కార్లు అందులో ఆగకూడదు. ఒక్క నిమిషం కాదు, పది సెకన్లు కూడా కాదు. మనిషిని దింపడానికి మినహాయింపు లేదు. హజార్డ్ లైట్లు వేస్తే అనుమతి వస్తుందని మన వాళ్ళు గట్టిగా నమ్ముతారు, అది మన ఊళ్ళ నుంచి తెచ్చుకున్న నమ్మకం. ఆపకూడని చోట ఆపడానికి వాటిని సాకుగా వాడొద్దని ఇక్కడి రోడ్డు నియమాల పుస్తకం, హైవే కోడ్, స్పష్టంగా చెప్తుంది.

ఇది ఎందుకింత కఠినమో డ్రైవర్ సీట్లో కూర్చుంటే తెలుస్తుంది. ఒక చలికాలం సాయంత్రం, వాన. నా డబుల్ డెక్కర్ నిండా జనం, కింద నిలబడ్డ వాళ్ళు కూడా ఉన్నారు. స్టాప్‌లో ఒక కారు హజార్డ్ లైట్లు వేసుకుని ఆగి ఉంది, డ్రైవరు ఫోన్‌లో మాట్లాడుతున్నాడు. నేను అంచుకి జరగలేకపోయాను. బస్సు అంచుకి ఆనుకుని ఆగితేనే తలుపు ఫుట్‌పాత్‌కి దగ్గరగా వస్తుంది, వీల్‌చైర్ కోసం వేసే ర్యాంప్ సరిగ్గా కూర్చుంటుంది. ఆ రోజు నా బస్సు నడి రోడ్డు మీద ఏటవాలుగా నిలబడింది. ఒక పెద్దావిడ కూరగాయల ట్రాలీతో దిగాలి. ఫుట్‌పాత్ మీద పడాల్సిన అడుగు రోడ్డు మీద పడింది, అంటే ఇంకో జానెడు కిందికి. ఆవిడ తలుపు కడ్డీ పట్టుకుని, కాలు కిందికి చాపి, నేల అందక మళ్ళీ వెనక్కి తీసుకుంది. రెండోసారి ఇంకో ప్రయాణికుడు చెయ్యి పట్టుకుంటే దిగింది. ఆమె మోకాలు కూడా మీ నాన్నగారి మోకాలి లాంటిదే. అందుకే మీ ఉత్తరంలో బస్ స్టాప్ అన్న మాట చదవగానే నాకు మీ నాన్నగారితో పాటు, ఆ నిమిషంలో మీ కారు వెనక ఆగిన బస్సులో దిగాల్సిన వాళ్ళు కూడా కళ్ళ ముందు కనిపించారు.

బస్ స్టాప్ పెట్టె బయట, బస్ లేన్‌లో ఆపడం వేరే సంగతి. అంచున ఎర్ర గీతలుంటే అది రెడ్ రూట్. రెండు ఎర్ర గీతలుంటే ఎప్పుడూ ఆపకూడదు, ఒకటే ఉంటే బోర్డు మీద ఉన్న గంటల్లో ఆపకూడదు. ఈస్ట్ హామ్ నుంచి సెంట్రల్ లండన్ వైపు వెళ్తుంటే పెద్ద రోడ్ల మీద ఇవి చాలా చోట్ల కనిపిస్తాయి. పసుపు గీతలైతే ఇంత కఠినం కాదు. రెండు పసుపు గీతలున్నా కూడా మామూలుగా మనిషి ఎక్కడానికి, దిగడానికి పట్టేంత సేపు ఆపనిస్తారు. బండి అక్కడే వదిలి వెళ్ళకూడదు, అంతే. లేన్ నడుస్తున్న టైమ్‌లో సామాను ఎక్కించడానికి, దించడానికి అక్కడ నిషేధం లేకపోతే లోపలికి వచ్చి ఆగొచ్చని హైవే కోడే చెప్తుంది. మనుషుల్ని దింపడానికి కూడా చాలా రోడ్ల ఉత్తర్వుల్లో ఇలాంటి వీలు ఉంటుంది. కానీ ఆగాల్సిన చోటే లోపలికి జరగాలి, పని కాగానే అక్కడి నుంచే బయటికి రావాలి. దాన్ని ఆసరా చేసుకుని లేన్ పొడవునా ముందుకి పోతే మళ్ళీ మొదటి తప్పే.

మీ వాళ్ళలో ఎవరైనా ఊబర్ నడుపుతుంటే ఈ మాట వాళ్ళకి కూడా చెప్పండి: బోర్డు మీద టాక్సీ అంటే నల్ల క్యాబ్ మాత్రమే. ఊబర్ లాంటి మినీక్యాబ్‌లకి ప్రయాణికుల్ని ఎక్కించుకోవడానికి, దింపడానికే లేన్‌లోకి వచ్చే వీలుంది, పొడవునా పోవడానికి లేదు. దీని మీద యూరోపియన్ కోర్టు దాకా పోట్లాడారు, 2015లో నల్ల క్యాబ్‌ల వైపే తేలింది. ఎలక్ట్రిక్ కారుకి కూడా ప్రత్యేక అనుమతి ఏమీ లేదు, బోర్డు మీద ఉంటే తప్ప.

అంబులెన్స్ సంగతి మీరు అడగలేదు, కానీ రేపో మాపో ఎదురవుతుంది. వెనక సైరన్ వినగానే కంగారుపడి బస్ లేన్‌లోకి దూరే వాళ్ళని చాలామందిని చూశాను. వాళ్ళకి దారివ్వాల్సిందే, కానీ రోడ్డు గుర్తుల్ని పాటిస్తూనే ఇవ్వాలని హైవే కోడ్ మాట. వేగం తగ్గించి, వీలైనంత పక్కకి జరిగితే చాలాసార్లు సరిపోతుంది. తప్పనిసరై లేన్‌లోకి జరిగి నోటీసు వస్తే, వీడియోలో అంబులెన్స్ కనిపిస్తుందని చూపిస్తూ వెంటనే అభ్యంతరం రాయండి. ఇలాంటివి మామూలుగా రద్దు చేస్తారు.

ఇప్పుడు మీ రెండు నోటీసులు. ఈ రాత్రే కౌన్సిల్ వెబ్‌సైట్లో పీసీఎన్ నంబరు, బండి నంబరు కొట్టి ఫోటోలు, వీడియో ఉంటే వీడియో చూడండి. మొదటి దాంట్లో చూడాల్సింది ఒకటే: మీ చక్రం గీత దాటిన చోట గీత తెగకుండా ఉందా, ముక్కలుగా ఉందా? ముక్కలైన చోటే దాటితే, లేదా ఒకట్రెండు సెకన్లు గీత మీద ఆని వెనక్కి వచ్చి ఉంటే, తప్పకుండా అభ్యంతరం రాయండి. బోర్డుని చెట్టు కొమ్మ కప్పేసి ఉన్నా, బోర్డుల మీద గంటలు ఒకదానితో ఒకటి కలవకపోయినా రాయండి. వెళ్ళి ఫోటోలు తీసుకురండి, వాటికే బలం. గీత తెగకుండా ఉన్న చోట చాలా ముందుగా దూరినట్టు కనిపిస్తే మాత్రం నా సలహా, 80 కట్టేసి నిద్రపోండి.

రెండోది కష్టం. పసుపు పెట్టెలో ఆగినట్టు ఫోటోలో స్పష్టంగా ఉంటే దాన్ని గెలవలేరు. నాన్నగారి ఆపరేషన్ కాగితం పెట్టి, పరిస్థితి చూసి దయచూపమని కౌన్సిల్‌ని అడగొచ్చు. రద్దు చేసే విచక్షణ వాళ్ళకి ఉంటుంది. ఇష్టమైతే ఒక్క పేజీ మర్యాదగా రాయండి, అబద్ధం ఒక్కటీ రాయకండి. కాదంటే 28 రోజుల్లో లండన్ ట్రిబ్యునల్స్‌కి ఉచితంగా అప్పీల్ చేసుకోవచ్చు. కానీ అక్కడి జడ్జిలు చూసేది చట్టప్రకారం తప్పు జరిగిందా లేదా అని. జాలి కలిగినా వాళ్ళు కౌన్సిల్‌కి సిఫారసు చేయగలరంతే. పైగా అక్కడిదాకా వెళ్ళి ఓడిపోతే సగం ధర అవకాశం పోతుంది, మొత్తం కట్టాలి. కౌన్సిల్‌కి మొదటిసారి అభ్యంతరం రాసినప్పుడు మాత్రం, వాళ్ళు కాదన్నా చాలాసార్లు సగం ధరకే కట్టే అవకాశం మళ్ళీ ఇస్తారు. మీ నోటీసులో ఆ మాట ఉందో లేదో చదివి అడుగు వేయండి. సగం ధరకి ఆఖరు తేదీ ఎప్పుడో రెండు నోటీసుల మీదా విడివిడిగా చూడండి, రెండింటికీ ఒకే గడువు ఉండాలని లేదు. ఆ తేదీల్ని కేలండర్ మీద రాసి పెట్టుకోండి. అభ్యంతరం రాయడం, కట్టడం రెండూ ఒకే నోటీసుకి చేయకండి. కడితే ఆ కేసు మూసేస్తారు, తర్వాత మీ మాట వినరు.

నాన్నగారికి డాక్టరు దగ్గర ఇంకో అపాయింట్‌మెంట్ ఉండే ఉంటుంది. దానికి ముందు ఒక రోజు, కారు లేకుండా, మీరొక్కరే ఆ రోడ్డు మీద నడిచి వెళ్ళండి. నీలం బోర్డు ఎక్కడ మొదలవుతుందో, గీత ఎక్కడ ముక్కలవుతుందో, పక్క వీధిలో అంచు గీతలు ఏ రంగులో ఉన్నాయో చూడండి. ఫుట్‌పాత్ దగ్గర ఆయన నిలబడడానికి వీలైన చోటు ఒకటి ఎంచుకోండి. సర్జరీకి (ఇక్కడ డాక్టరు క్లినిక్‌ని అలా అంటారు) ఫోన్ చేసి వాళ్ళ ఆవరణలో పేషెంట్లని దింపే చోటు ఉందేమో కూడా అడగండి, చాలా సర్జరీలకి ఉంటుంది. వీడియోలో ఏం కనిపించిందో నాకు రాయండి, అభ్యంతరం రాయాల్సి వస్తే ఆ కాగితం నేను చూసి పెడతాను.